మూడు రోజుల్లో పద్దెనిమిది గుళ్లా? అంగ్కోర్ వెళ్లే కుటుంబానికి నా సలహా

మీ ప్రశ్న ఇది: డిసెంబరు చివర్లో అమ్మానాన్నలతో, భార్యతో కలిసి మొత్తం నలుగురు కంబోడియాలోని పాత రాజధాని అంగ్కోర్ గుళ్లు చూడటానికి వెళ్లాలనుకుంటున్నారు. నాన్నగారికి 68 ఏళ్లు, మోకాళ్ల నొప్పి. అమ్మగారు శాకాహారి. ట్రావెల్స్ వాళ్లు మూడు పగళ్లలో పద్దెనిమిది గుళ్లు గైడుతో సహా చూపిస్తామంటున్నారు. ఆ ప్యాకేజీ తీసుకోవచ్చా, లేక సొంతంగా గైడును కుదుర్చుకోవడం మేలా?

తీసుకోకండి. అక్కడి గైడును ఒకరిని కుదుర్చుకుని, అయిదు రోజుల పాటు, రోజుకు రెండు మూడు చోట్లకు మించకుండా చూడండి. ఎందుకో కాస్త వివరంగానే చెబుతాను.

నేను నీటిపారుదల శాఖలో ఇంజనీరుగా చేసి రిటైరయ్యాను. అంగ్కోర్‌కు అయిదుసార్లు వెళ్లాను. మొదటిసారి వెళ్లింది సరిగ్గా మీకు చెప్పినలాంటి ప్యాకేజీలోనే. తిరిగొచ్చాక ఫొటోలు ముందేసుకుని ఏది ఏ గుడో తేల్చుకోలేక మా ఆవిడా నేనూ వాదించుకున్నాం. గుర్తున్నదల్లా ఎండ, మెట్లు, బస్సు, మళ్లీ మెట్లు. మధ్యలో ఒక పట్టుబట్టల దుకాణంలో గంటన్నర కూర్చోబెట్టారు. ఆ గంటన్నర బాగా గుర్తుంది.

లెక్క మీరే వేయండి. మూడు పగళ్లకు పద్దెనిమిదంటే రోజుకు ఆరు. భోజనం, ప్రయాణం పోగా గుడికి నలభై నిమిషాలు దక్కితే గొప్ప. అంగ్కోర్ వాట్ చుట్టూ ఉన్న కందకం వెడల్పే 190 మీటర్లు. పడమటి దారిన ఆ కందకం దాటి, ప్రవేశ గోపురం దాటి, అసలు గుడి మెట్ల దగ్గరికి నడిచేసరికే మీ నాన్నగారికి ఆ నలభై నిమిషాలూ అయిపోతాయి.

టికెట్టు సంగతి ముందు చూద్దాం, ఎందుకంటే తొందరంతా అక్కడే మొదలవుతుంది. ఒక రోజుకు 37 డాలర్లు, మూడు రోజులకు 62, ఏడు రోజులకు 72. మూడు రోజులది పది రోజుల్లోపు ఏ మూడు రోజులైనా చెల్లుతుంది. ఏడు రోజులదానికి నెల గడువు. ప్యాకేజీల్లో మామూలుగా మూడు రోజులదే కొని, అందులో పట్టినన్ని గుళ్లు కుక్కుతారు. మనిషికి పది డాలర్లు ఎక్కువ పెట్టి ఏడు రోజులది తీసుకుంటే మధ్యాహ్నం పూట హోటలుకెళ్లి పడుకోవచ్చు, నచ్చిన గుడికి మర్నాడు మళ్లీ వెళ్లవచ్చు. సాయంత్రం అయిదు దాటాక మర్నాటి టికెట్టు కొంటే ఆ సాయంత్రం కూడా లోపలికి వెళ్లనిస్తారు. మీరు దిగిన రోజే ఆ పని చేసుకోండి.

ఇక వరస. అందరూ అంగ్కోర్ వాట్‌తో మొదలుపెడతారు. నేను దాన్ని చివరికి ఉంచమంటాను. ముందే దాన్ని చూస్తే తర్వాత చూసేవన్నీ చిన్నవిగా కనిపిస్తాయి. దాన్ని పక్కనపెట్టి మిగతావాటిని కట్టిన క్రమంలో చూస్తే మాత్రం మూడు వందల ఏళ్లలో ఆ పని ఎలా ఎదిగిందో మీ కళ్లముందే తెలుస్తుంది.

అందుకే మొదటి రోజు తొలినాటి గుళ్లున్న రోలువోస్. మీరు దిగే సియెం రీప్ ఊరికి తూర్పున 13 కిలోమీటర్లు. రాజు ఇంద్రవర్మ ఏ వరసలో పని మొదలుపెట్టాడో చూడండి. ముందు ఇంద్రతటాకం అనే పెద్ద చెరువు తవ్వించాడు. తర్వాత 879లో పూర్వీకుల కోసం ప్రియా కో గుడి, ఆ తర్వాతే 881లో తన రాజ్యానికి గుడిగా బకోంగ్. పట్టాభిషేకమైన అయిదు రోజులకే తవ్వకం మొదలుపెడతానని ఆయన పలికినట్టు శాసనం ఉంది. చెరువు లేకుండా గుడి కట్టని కాకతీయుల నేల నుంచి వెళ్లిన మనకు ఈ వరస కొత్తేమీ కాదు. ఆయన కొడుకు యశోవర్మ ఆ చెరువు మధ్య లంకలో 893లో లోలే గుడి కట్టించాడు. ఇప్పుడు చెరువు ఎండిపోయింది. మీ కారు వెళ్లే పొలాలే ఒకప్పటి చెరువు గర్భం. గైడుతో కారు ఆపించి కట్ట ఎక్కడుండేదో చూపించమనండి. నాలుగు కిలోమీటర్ల పొడవున నీళ్లు ఊహించుకుని చూస్తే ఆ చిన్న ఇటుక గుడికి అర్థం వస్తుంది. ఇది ఇంజనీరు పిచ్చి అని మా ఆవిడ అంటుంది, పట్టించుకోకండి. తర్వాతి శతాబ్దాల్లో తవ్విన పడమటి బారాయ్ అనే చెరువు అయితే దాదాపు 8 కిలోమీటర్ల పొడవు, 2 కిలోమీటర్ల వెడల్పు. అందులో ఇప్పటికీ నీళ్లున్నాయి. సెలవు రోజుల్లో ఊరివాళ్లు ఈతకు, భోజనాలకు అక్కడికే వస్తారు.

రోలువోస్ నుంచి అదే దిక్కున తోన్లే సాప్ సరస్సు ఒడ్డుకు వెళ్లవచ్చు కాబట్టి ఆ మధ్యాహ్నం కంపోంగ్ ప్లుక్ ఊరు చూడండి. ఆరేడు మీటర్ల ఎత్తు గుంజల మీద ఇళ్లు. వానాకాలంలో మెకాంగ్ పొంగితే తోన్లే సాప్ నది వెనక్కి తిరిగి సరస్సులోకి పారుతుంది. దాదాపు 2,500 చదరపు కిలోమీటర్ల సరస్సు అయిదారు రెట్లకు పెరుగుతుంది. నీళ్లు దిగేటప్పుడు వదిలే ఒండ్రు, చేపలు, వీటి మీదే అంగ్కోర్ రాజ్యం తిని బతికింది. డిసెంబరులో ఇంకా నీళ్లుంటాయి, పడవ హాయిగా వెళ్తుంది. మార్చిలో వెళ్లినవాళ్లకు దక్కేది బురద. పడవ దిగగానే బడి పిల్లలకు బియ్యం బస్తా కొనిపెట్టమని ఎవరైనా ఒత్తిడి చేస్తే నమస్కారం పెట్టి ముందుకు కదలండి. ఆ బస్తా చాలాసార్లు మళ్లీ దుకాణానికే చేరుతుంది.

రెండో రోజు బంతేయ్ స్రేయ్‌ది. ఒక్క గుడే చూసే వీలుందని ఎవరైనా నన్ను అడిగితే అంగ్కోర్ వాట్ అనను, దీని పేరే చెబుతాను. 967లో ప్రతిష్ఠ. కట్టించింది రాజు కాదు, యజ్ఞవరాహుడనే పండితుడు. గులాబీ రంగు ఇసుకరాయి. ఎత్తు మెట్లు లేవు, మోకాళ్లకు ఏ ఇబ్బందీ ఉండదు. ఏడున్నరకు తెరుస్తారు, ఊరి నుంచి గంట ప్రయాణం. తెరిచే వేళకు చేరితే బస్సులు వచ్చేలోపు గంట సేపు ప్రశాంతంగా చూడవచ్చు.

లోపల ఉత్తరం వైపు గ్రంథాలయమని పిలిచే చిన్న కట్టడం ఉంది. దాని తూర్పు ముఖం మీది శిల్పం ముందు నిలబడండి. పైన మూడు తలల ఐరావతం మీద ఇంద్రుడు. కింద చెట్లు, పరుగెత్తే మృగాలు, ఎగిరే పక్షులు. అటూ ఇటూ రెండు రథాలు. మధ్యలో రాయి నిండా ఏటవాలు గీతలు. మొదటిసారి వాటిని రాయి మీది అరుగుదల అనుకుని దాటిపోయాను. మూడోసారి వెళ్లినప్పుడు గైడు చూపుడువేలును గాలిలో గీతల వెంటే కిందికి దించి, ‘ఇది వాన’ అన్నాడు. ఆ గీతలు ఒకచోట ఆగిపోతాయి. అక్కడ బాణాలు చాపలా అల్లుకుని ఉన్నాయి. ఖాండవ దహనం! అగ్నికి అడ్డురాకుండా వానను ఆపడానికి అర్జునుడు కట్టిన బాణాల కప్పు. భారతంలో చదివినప్పుడు ఆ కప్పును నేనెప్పుడూ ఇంత స్పష్టంగా ఊహించుకోలేదు. మీకూ చెయ్యి చాచాలనిపిస్తుంది గానీ ముట్టుకోవద్దు. దక్షిణపు గ్రంథాలయం మీద కైలాసాన్ని ఎత్తుతున్న రావణుడున్నాడు. వాలి సుగ్రీవుల పోరు ఎక్కడుందో అమ్మగారినే వెతకమనండి.

తిరుగుదారిలో ప్రియా డాక్ ఊరు వస్తుంది. రోడ్డు పక్కనే మట్టి పొయ్యిల మీద పెద్ద మూకుళ్లు పెట్టి తాటి నీరా కాస్తుంటారు. తాడిచెట్టు వాళ్ల జాతీయ వృక్షం, మన తాడే. వెదురు బొంగును నిచ్చెనగా కట్టుకుని ఎక్కుతారు. పోయినసారి ఒక ముసలావిడ పాకం చిక్కబడ్డాక చెక్క తెడ్డుతో అంచులకు గీకి గీకి తెల్లబరిచి, తాటాకు చుట్టల్లో గరిటెతో పోసింది. అవి చల్లారాక రూపాయి బిళ్లల్లా విడివిడిగా ఊడొచ్చాయి. మా అక్కయ్య ఒకటి నోట్లో వేసుకుని ‘మా అమ్మమ్మ గారింట్లో తాటిబెల్లం’ అని అక్కడే కూలబడింది. ఇద్దరికీ ఒకరి భాష ఒకరికి రాదు, అరగంట మాట్లాడుకున్నారు. ఏ ప్యాకేజీలోనూ ఈ అరగంట ఉండదు, ఎందుకంటే ఆ ఆవిడ కమీషను ఇవ్వదు.

మూడో రోజు ఏడో జయవర్మది. 1181లో గద్దెనెక్కిన బౌద్ధ రాజు. ఆయన నగరం అంగ్కోర్ థోమ్ దక్షిణ ద్వారం దగ్గర దేవతలు ఒక వరస, రాక్షసులు ఒక వరస నాగుణ్ణి పట్టుకుని కూర్చుంటారు. అక్కడి నుంచి బేయాన్ గుడి. నాలుగు వైపులా చిరునవ్వు ముఖాల గోపురాలు. అందరూ ముఖాలతో ఫొటోలు దిగి వెళ్లిపోతారు. మీరు కింద బయటి గోడల దగ్గర ఆగండి. అక్కడ మామూలు మనుషులున్నారు. బజారులో తూకాలు, వంటలు, ఒకరి తలలో పేలు చూస్తున్న ఆడవాళ్లు, కోడిపందెం దగ్గర పుంజుల్ని ఎదురెదురుగా పట్టుకుని అరుస్తున్న గుంపు. భీమవరం నుంచి మాతో వచ్చిన ఒకాయన ఆ పందెం ముందు నుంచి కదల్లేదు.

తా ప్రోమ్‌ను ఆయన 1186లో తన తల్లి పేర కట్టించాడు. గోడల మీద చెట్ల వేళ్లు పాకిన గుడి అదే. అక్కడి సంస్కృత శాసనం లెక్కల పుస్తకంలా ఉంటుంది. లోపల నివసించేవారు 12,640 మంది, అందులో 615 మంది నర్తకులు, రాజ్యంలో 102 ఆరోగ్యశాలలు. రామప్ప గుడి కట్టింది 1213లో, అంటే ఇంచుమించు ఈ రాజు కాలంలోనే. తా ప్రోమ్ పునరుద్ధరణలో భారత పురావస్తు శాఖ ఏళ్ల తరబడి పనిచేసింది, గైడులు మన దేశం పేరు వినగానే ఆ మాట ఎత్తుతారు.

నాలుగో రోజు అంగ్కోర్ వాట్. పన్నెండో శతాబ్దం మొదటి సగంలో రెండో సూర్యవర్మ విష్ణువుకు కట్టించాడు. సూర్యోదయం ఫొటో కోసం తెల్లవారుజామున నాలుగున్నరకు లేపుతారు. గుడి పడమటి ముఖం. మీరు చూసేది గోపురాల నల్లటి నీడ, ముందు వెయ్యి ఫోన్లు. నాకైతే ఆ నిద్రే మేలు. ఏడు గంటలకు తూర్పు వైపు నుంచి లోపలికి వెళ్లండి. అటు చెట్ల మధ్య మట్టిదారి, జనం ఉండరు, నడక తక్కువ. తూర్పు గోడ మీద క్షీరసాగర మథనం, 49 మీటర్ల పొడవు. ఒకవైపు 92 మంది రాక్షసులు, మరోవైపు 88 మంది దేవతలు, నడుమ విష్ణువు, కింద కూర్మం. పొద్దుటి వెలుగు నేరుగా దాని మీద పడుతుంది. ఎండ ఎక్కాక హోటలుకు వెళ్లి, మూడింటికి పడమటి వైపు నుంచి మళ్లీ రండి. అప్పుడు కురుక్షేత్రం, లంకా యుద్ధం ఉన్న గోడలకు వెలుగు వస్తుంది. కురుక్షేత్రంలో ఎడమవైపు పైన అంపశయ్య మీద భీష్ముడున్నాడు. లంకలో రాముడు హనుమంతుడి భుజాల మీద నిలబడి బాణం వేస్తుంటాడు. పడమటి గోపురంలో ఎనిమిది చేతుల విష్ణువుకు కాషాయం కట్టి ఊరివాళ్లు ఇప్పటికీ అగరొత్తులు వెలిగిస్తారు. వాళ్లకు ఆయన ‘తా రీచ్’, తాతగారి వంటి కాపుదేవుడు. అమ్మగారు దణ్ణం పెట్టుకోవాలనుకుంటే అదే చోటు.

పై అంతస్తు బకాన్‌కు కట్టిన చెక్క మెట్లు చాలా నిటారుగా ఉంటాయి. నాన్నగారిని ఎక్కనివ్వకండి, ఎక్కడం కన్నా దిగడం కష్టం. భుజాలు, మోకాళ్లు కప్పే బట్టలు లేకపోతే ఎవరినీ రానివ్వరు. బౌద్ధుల పర్వదినాల్లో పైకి మూసేస్తారు. అవి రెండు అష్టములు, పౌర్ణమి, అమావాస్య. పంచాంగం చూసుకుని ఒకరోజు అటూఇటూగా తేదీ కుదుర్చుకోండి.

అయిదో రోజు ఖాళీగా ఉంచి, ఓపికను బట్టి నిర్ణయించుకోండి. కులెన్ కొండకు కారు వెళ్తుంది, 20 డాలర్ల టికెట్టు విడిగా. 802లో రెండో జయవర్మ తనను చక్రవర్తిగా ప్రకటించుకున్నది అక్కడే. ఏటి అడుగు రాతిలో వందల లింగాలు చెక్కి ఉన్నాయి, నీళ్లు వాటి మీదుగా పారుతుంటాయి. పొద్దున ఎక్కి మధ్యాహ్నం దిగాలి, దారి ఇరుకు కనుక వేళలు పాటిస్తారు. అడవిలో ఎక్కడికి వెళ్లినా తొక్కిన దారి దాటి అడుగు పెట్టవద్దు. యుద్ధకాలపు మందుపాతరలు దేశంలో ఇంకా పూర్తిగా తొలగలేదు. సరిహద్దు కొండ మీది ప్రియా విహార్ గుడి అద్భుతమే గానీ, 2025లో థాయ్‌లాండ్‌తో అక్కడే కాల్పులు జరిగాయి. ఈసారికి దాన్ని వదిలేయండి. బ్యాంకాక్ నుంచి రోడ్డు మీద వెళ్లే ఆలోచన కూడా వద్దు, విమానంలోనే వెళ్లండి. 2023లో తెరిచిన కొత్త విమానాశ్రయం ఊరికి గంట దూరం, హోటలు బండి ముందే చెప్పుకోండి.

గైడు గురించి అన్నిటికన్నా ముఖ్యమైన మాట. లైసెన్సు ఉన్నవాళ్లకే గుళ్లలో చూపించే అనుమతి, వాళ్లకు యూనిఫాం చొక్కా, బ్యాడ్జీ ఉంటాయి. అన్ని రోజులకూ ఒకరినే పెట్టుకోండి. పోయినసారి నేను రోజుకు 45 డాలర్లిచ్చాను, కారుకు వేరుగా ఇంచుమించు అంతే. నలుగురికి పంచుకుంటే మీ ప్యాకేజీ కన్నా పెద్ద తేడా రాదు. మొదటి రోజే ఆయనతో ఇలా చెప్పండి: రామాయణ భారతాలు మాకు తెలుసు, కథ అక్కర్లేదు. బొమ్మలో కథ ఎక్కడ మొదలవుతుందో చూపించండి, మీ ఊళ్లో దాన్ని ఏమని చెప్పుకుంటారో చెప్పండి. అంతే, కంఠస్థం చేసిన ఉపన్యాసం ఆగిపోయి మనిషి బయటికొస్తాడు. వాళ్ల రామకథ రీమ్‌కేర్. అందులో సీత ‘సేడా’, లక్ష్మణుడు ‘లీక్’, రావణుడు ‘రీప్’. మా బావమరిది ‘సేడా కాదు, సీత’ అని దిద్దబోయాడు. ఆ గైడు నవ్వాడు, ఆ పూటంతా ఇక పెదవి విప్పలేదు. అది వాళ్ల కథ కూడా, మనకు లేని మలుపులు అందులో ఉన్నాయి, వినండి.

సొంత సంగతులు మాత్రం ఆయన చెబితే వినండి, మీరుగా తవ్వకండి. నాతో మూడుసార్లు వచ్చిన గైడుకు తన పుట్టినరోజు తెలియదు. కాగితాల్లో జనవరి 1 అని రాయించుకున్నాడు. 1975 నుంచి 1979 దాకా ఖ్మేర్ రూజ్ అనే కమ్యూనిస్టుల మారణహోమపు పాలనలో, అది చెప్పగలిగినవాళ్లు ఇంట్లో ఎవరూ మిగల్లేదు. ఈ మాట ఆయన తా ప్రోమ్ మెట్ల మీద నీళ్లు తాగుతూ మామూలుగా అన్నాడు.

భోజనం. కూరగాయల వంటలోనూ చేపల్ని ఉప్పులో ఊరబెట్టి తీసిన చేప రసం వేస్తారు, అది వాళ్లకు ఉప్పులాంటిది. ‘అత్ సాచ్, అత్ త్రేయ్’ అంటే మాంసం వద్దు, చేప వద్దు. దానికి ‘అత్ తుక్ త్రేయ్’, చేప రసమూ వద్దు, అని తప్పకుండా చేర్చండి. మన తూటికూరే అక్కడ ప్రతి హోటల్లో వెల్లుల్లితో వేయిస్తారు, అన్నంలోకి బాగుంటుంది. ఊళ్లో భారతీయ హోటళ్లున్నాయి. పల్లెల్లో తిరిగే రోజులకు మాత్రం పులిహోర కట్టించుకు వెళ్లండి.

డిసెంబరు చివర రద్దీ ఎక్కువ, వాతావరణం మాత్రం అదే మేలైనది. ఎప్పుడైనా మళ్లీ వెళ్లే వీలుంటే భాద్రపద బహుళ పక్షంలో వెళ్లండి. మన మహాలయ పక్షం రోజుల్లోనే వాళ్లకు ప్చుమ్ బెన్. పదిహేను రోజులు పితృదేవతలకు అన్నం ముద్దలు పెడతారు. ‘బెన్’ అంటే పిండమే. తెల్లవారకముందే పల్లె విహారాల చుట్టూ తిరుగుతూ జనం ముద్దలు వదులుతుంటారు. వాన తడిపిన నేల, పచ్చటి వరి, నిండిన కందకాలు. రద్దీ ఉండదు, గొడుగు ఉండాలి.

డాలర్లు చిన్న నోట్లుగా తీసుకెళ్లండి, మూల చిరిగినది ఎవరూ తీసుకోరు. చిల్లర వాళ్ల డబ్బు రియెళ్లలో ఇస్తారు, డాలరుకు దాదాపు 4,000. వీసా ఆన్‌లైన్‌లో ముందే చేసుకోండి. టికెట్టుకు ఫొటో అక్కర్లేదు, కౌంటరులోనే తీస్తారు. అందులో మీ ముఖం ఎలా వచ్చినా అయిదు రోజులూ అదే చూపించుకు తిరగాలి.